ముక్కలయ్యే బొమ్మ

పోయిన వేసవి సెలవుల్లో మా మనవరాలు మా ఊరు వచ్చింది. దానికి తొమ్మిదేళ్ళు. వచ్చిన మర్నాడు మధ్యాహ్నం భోజనాలయినాక టెలివిజనులో ఒక బొమ్మల సినిమా పెట్టుకుని చూస్తూ కూచుంది. నేను పక్కనే పడకకుర్చీలో పేపరు చదువుకుంటున్నాను. మా ఊళ్ళో ఇంటర్నెట్టు సంగతి చెప్పాలంటే అది వానాకాలపు కరెంటు లాటిది. ఉన్నప్పుడు ఉంటుంది, పోయినప్పుడు పోతుంది. సినిమా నడుస్తూ నడుస్తూ ఆగిపోవటమూ, మనుషుల మొహాలు చదరాలు చదరాలుగా విడిపోవటమూ మా కళ్ళకు అలవాటే.

నేను తలెత్తి చూసేసరికి తెరమీద ఒక చిన్నపిల్ల బొమ్మ ఉంది. ఆ పిల్ల ఏదో మాట్లాడుతూ ఉన్నట్టుండి నీలిరంగు చదరాలుగా చెదిరిపోయింది. మరుక్షణం మళ్ళీ కలిసి మామూలు పిల్ల అయింది.

"నెట్టు పాడయిందే! ఆపి మళ్ళీ పెట్టు," అన్నాను.

మనవరాలు పకపకా నవ్వింది. "నెట్టు కాదు తాతయ్యా! ఆ పిల్లే అంత!" అన్నది.

నేను పేపరు పక్కన పెట్టేశాను. ముప్ఫై అయిదేళ్ళు బడిపిల్లలకు తెలుగు చెప్పినవాణ్ణి. "ఆ పిల్లే అంత" అనే మాట వినగానే నాకు అలంకారాల పాఠం గుర్తుకు వచ్చింది.

మీలో పెద్ద తరగతులవాళ్ళకు ఉపమ అంటే తెలిసే ఉంటుంది. "ఆమె ముఖం చంద్రుడిలా ఉంది" అంటే ఉపమ. ఇక్కడ ముఖం ముఖమే, చంద్రుడు చంద్రుడే. రెంటికీ మధ్య "లా" అనే వంతెన ఉన్నది. ఆ వంతెన తీసేసి "ముఖచంద్రుడు" అంటే రూపకం అవుతుంది. రెంటికీ భేదమే లేదని చెప్పటమన్న మాట. మన కవులు రూపకాల కోసం చంద్రుణ్ణీ, తామరపువ్వునూ, సముద్రాన్నీ వెతుక్కునేవారు. ఈ సినిమా తీసినవాళ్ళు ఎక్కడ వెతికారు? పాడయిన వీడియోలో! మనమంతా విసుక్కునే ఆ చదరాలను తెచ్చి ఒక చిన్నపిల్ల కష్టానికి రూపకం చేశారు. "ఈ పిల్ల చెడిపోయిన బొమ్మలాటిది" అనలేదు వాళ్ళు. చెడిపోయిన బొమ్మే ఈ పిల్ల అన్నారు.

ఇందులోని సొగసు తెలియాలంటే, అసలు బొమ్మ ఎందుకు చదరాలుగా విడిపోతుందో ముందు తెలుసుకోవాలి.

మీ నోటుపుస్తకం అంచున, ఒక్కొక్క కాగితం మూలనా ఒక బంతి బొమ్మ వెయ్యండి. ఒక్కొక్క కాగితంలోనూ బంతిని కాస్త కాస్త కిందికి జరుపుతూ రండి. తరువాత బొటనవేలితో కాగితాలను జరజరా వదిలితే బంతి కిందికి పడుతున్నట్టే ఉంటుంది. సినిమా అంటే ఇంతే. అందులో ఒక్కొక్క బొమ్మను ఫ్రేము అంటారు. మాటలు వచ్చిన సినిమాల కాలం నుంచీ సెకనుకు 24 ఫ్రేములు చూపించటం వాడుక అయింది.

ఈ కాలపు వీడియోలో ఒక్కొక్క ఫ్రేమూ చిన్న చిన్న చుక్కలతో చేసినది. ఆ చుక్కను పిక్సెల్ అంటారు. ముగ్గులో చుక్కల లాగే ఇవీ వరసలు వరసలుగా ఉంటాయి. మామూలు హెచ్‌డి బొమ్మలో అడ్డంగా 1920, నిలువునా 1080 చుక్కలు. గుణించి చూడండి, 20,73,600 వస్తుంది. ఒక్కొక్క చుక్కలోనూ ఎరుపు ఎంత, ఆకుపచ్చ ఎంత, నీలం ఎంత అని మూడు అంకెలు చెప్పాలి. అంటే ఒక్క ఫ్రేముకు 62,20,800 అంకెలు. సెకనుకు 24 ఫ్రేములంటే 14,92,99,200 అంకెలు! నూరు నిమిషాల సినిమాను ఇట్లా చెప్పుకుంటూ పోతే సుమారు 896 గిగాబైట్లు అవుతుంది. కాని అదే సినిమా మన ఇంటికి ఒకటి రెండు గిగాబైట్లలో వచ్చేస్తున్నది. మిగిలిందంతా ఏమయింది?

దీనికి జవాబు నాకు హాజరుపట్టీలో దొరికింది. ఉద్యోగంలో చేరిన కొత్తల్లో నేను తరగతిలో అరవైమంది పేర్లూ రోజూ పిలిచేవాణ్ణి. అయిదు నిమిషాలు పోయేవి. కొన్నాళ్ళకు తెలివి వచ్చి, "ఇవాళ ఎవరు రాలేదురా?" అని అడగటం మొదలుపెట్టాను. "పదిహేడూ, నలభై రెండూ రాలేదండీ," అని లీడరు చెప్పేవాడు. అంతటితో అయిపోయేది. వీడియో యంత్రమూ సరిగా ఇదే పని చేస్తుంది. మొదట ఒక బొమ్మను నిండుగా పంపిస్తుంది. ఆ తరువాత కొన్ని ఫ్రేముల వరకూ "మారినది ఏమిటి?" అన్నదే చెపుతుంది. కుర్రవాడు చెయ్యి ఎత్తాడనుకోండి. వెనక ఉన్న గోడా, కిటికీ, చెట్టూ మారలేదు. వాటిని మళ్ళీ పంపటం దేనికి? చెయ్యి ఇక్కణ్ణించి అక్కడికి జరిగిందని చెపితే చాలును.

ఇట్లా చెప్పటానికి బొమ్మను గళ్ళ పంచెలాగా చదరాలు చేసుకుంటుంది. చాలాకాలంగా వాడుకలో ఉన్న పద్ధతుల్లో ఒక్కొక్క గడికి అడ్డంగా 16, నిలువునా 16 చుక్కలు. 2003లో వచ్చి ప్రపంచమంతటా పాకిన హెచ్.264 అనే పద్ధతిలోనూ ఇంతే. కనక దారిలో కొంత సమాచారం రాకుండా పోతే, పోయేది చుక్కలుగా పోదు, గళ్ళుగా పోతుంది. తెరమీద మనకు చదరాలు కనిపించటానికి కారణం ఇదే. ఒక్కొక్కసారి ఇంకా విచిత్రం జరుగుతుంది. నిండుబొమ్మ రాకుండా దారిలో పోయి, "మార్పులు" మాత్రం వస్తాయి. లీడరు పొరపాటున పక్క తరగతి గైరుహాజరీలు తెచ్చి మన పట్టీలో వేసినట్టన్న మాట! పాత బొమ్మలోని గోడమీద కొత్త మనిషి చెయ్యి పాకుతుంది. ఒకరి మొహంలో ఇంకొకరి పెదవులు కదులుతాయి. మళ్ళీ నిండుబొమ్మ వచ్చేదాకా ఈ గందరగోళం తప్పదు.

గడిలోని రంగులను క్లుప్తంగా చెప్పటానికి మరొక ఉపాయం ఉన్నది. పొరుగూళ్ళో ఉన్న చుట్టానికి మన ఇంటి పులుసు రుచి చూపించాలంటే గిన్నె మోసుకుపోనక్కర లేదు. చింతపండు ఇంత, బెల్లం ఇంత, కారం ఇంత అని చీటీ రాసి పంపితే వాళ్ళే కాచుకుంటారు. చీటీలో ఒక మెంతిగింజ తగ్గినా ఎవరికీ తెలియదు. అదే విధంగా, ప్రతి గడిలోని బొమ్మనూ కొన్ని నిర్ణీతమైన అలల నమూనాల మిశ్రమంగా రాయవచ్చు. ఏ నమూనా ఎంత పాళ్ళో చెపితే చాలు. కంటికి ఆనని సన్నపాళ్ళను వదిలెయ్యవచ్చు.

ఈ ఉపాయం కనిపెట్టినవాడు నసీర్ అహ్మద్. ఆయన 1940లో బెంగుళూరులో పుట్టి, అక్కడే ఇంజనీరింగు చదివి అమెరికా వెళ్ళాడు. 1972లో కాన్సాస్ రాష్ట్రంలో ప్రొఫెసరుగా ఉంటూ, ఈ పరిశోధనకు డబ్బు ఇవ్వమని అక్కడి జాతీయ సంస్థకు అర్జీ పెట్టుకున్నాడు. అది మరీ తేలిక విషయంలాగా ఉన్నదని ఒక పరిశీలకుడు అభిప్రాయపడ్డాడు. డబ్బు రాలేదు. ఆయన ఊరుకోక, 1973 వేసవిలో జీతం లేకుండానే పని చేశాడు. 1974 జనవరిలో ఆయనా, ఆయన శిష్యుడు నటరాజనూ, స్నేహితుడు కె. ఆర్. రావూ కలిసి దాన్ని ప్రకటించారు. ఈ రావుగారి పూర్తి పేరు కమిసెట్టి రామమోహన రావు. ఆ పేరు వింటే మన చెవికి బాగా తెలిసిన పేరులాగే ఉంటుంది. "మరీ తేలిక" అనిపించుకున్న ఆ విషయం ఈనాడు మనం ఫోనులో చూసే ఫోటోల్లోనూ, వీడియోల్లోనూ దాదాపు అంతటా ఉన్నది.

ఇక సినిమా సంగతికి వస్తాను. ఆ సినిమా పేరు "రెక్-ఇట్ రాల్ఫ్". డిస్నీ వారు తీసినది, 2012లో వచ్చింది. దర్శకుడు రిచ్ మూర్.

డబ్బులు వేసి ఆడే వీడియో ఆటల దుకాణం ఒకటి ఉన్నది. రాత్రి తలుపులు మూసినాక యంత్రాలలోని బొమ్మలు ఒక ఆటలోంచి మరొక ఆటలోకి కరెంటు తీగల గుండా తిరుగుతూ ఉంటాయి. రాల్ఫ్ అనేవాడు ఒక ఆటలో దుష్టపాత్ర. మేడను విరగగొట్టటం వాడి ఉద్యోగం. ముప్ఫై ఏళ్ళు ఆ పని చేసినా ఎవరూ వాణ్ణి విందుకు పిలవరు. వాడు విసిగిపోయి ఒక పతకం సంపాదించుకుందామని బయలుదేరి, చివరకు మిఠాయిలతో కట్టిన కార్ల పందెపు ఆటలో పడతాడు. అక్కడ ఉన్నది వెనెలోపి అనే ఆ చిన్నపిల్ల. సంతోషం వచ్చినా, భయం వేసినా ఆమె చదరాలుగా చెదిరిపోతుంది. అందరూ ఆమెను "గ్లిచ్" అని వెక్కిరిస్తారు. పందెంలోకి రానివ్వరు.

గ్లిచ్ అనే మాటకు కూడా చిన్న కథ ఉన్నది. రేడియో, టెలివిజను పనివాళ్ళు చాలాకాలం నుంచీ ఆ మాట వాడుతున్నారు. భూమి చుట్టూ తిరిగివచ్చిన మొదటి అమెరికన్ జాన్ గ్లెన్ 1962లో ఒక పుస్తకంలో, కరెంటులో ఉన్నట్టుండి వచ్చే హెచ్చుతగ్గును గ్లిచ్ అంటారని రాశాడు. చిత్రమేమంటే, గ్లిచ్ వచ్చినప్పుడు చాలాసార్లు యంత్రం తప్పేమీ ఉండదు. 1980లో వచ్చిన పాక్‌మాన్ అనే ఆట ఉన్నది. అందులో ఎన్నో అంచె నడుస్తున్నదో గుర్తుంచుకోవటానికి ఒక్క బైటు జాగా ఇచ్చారు. ఒక బైటులో 0 నుంచి 255 వరకే పడుతుంది. అంతదూరం ఎవరు ఆడతారులే అనుకున్నారు కాబోలు. కాని ఆడేవాళ్ళు ఆడారు! 256వ అంచె రాగానే తెరలో కుడివైపు సగం అర్థంపర్థం లేని అక్షరాలతో నిండిపోయేది. యంత్రం తనకు చెప్పినదే చేసింది. చెప్పినవాళ్ళు చాలినంత చోటు ఇవ్వలేదు, అంతే.

వెనెలోపిని పందెంలోకి రానివ్వని రాజుకు ఒక వాదన ఉన్నది. వినటానికి అది న్యాయంగానే ఉంటుంది. "ఈ పిల్ల పందెంలోకి వస్తే ఆడేవాళ్ళు చూస్తారు. యంత్రం పాడయిందనుకుంటారు. దుకాణం వాడు తీగ పీకేస్తాడు. అందరం దిక్కులేనివాళ్ళం అవుతాం. ఈ పిల్ల గ్లిచ్ గనక ఆట దాటి బయటికి రానే లేదు; ఇక్కడే నాశనమైపోతుంది," అంటాడు. రాల్ఫ్ దాన్ని నమ్ముతాడు. వాడికి ఆ పిల్లంటే ప్రాణం. ఆమె కోసం తానే దగ్గరుండి చేయించిన కారును, ఆమె ఏడుస్తూ వద్దంటూంటే, ఆమె మేలుకోరి తన చేతులతోనే విరగగొడతాడు.

ఆ చోట మనవరాలు నా మోచెయ్యి పట్టుకుంది. నేను మాత్రం సినిమా చూడటం లేదు. నాకు 1991 గుర్తుకు వచ్చింది.

అప్పుడు నేను హెడ్మాస్టరును కాను, తెలుగు పంతుల్ని. ఎనిమిదో తరగతిలో ఒక కుర్రవాడు ఉండేవాడు. వాడికి నత్తి. పేరు చెప్పమంటే మొదటి అక్షరం దగ్గరే ఆగిపోయేవాడు. మెడనరాలు ఉబ్బేవి. తరగతి అంతా కిసుక్కుమనేది. కాని వాడి పరీక్ష పేపరులో పద్యాలు ముత్యాల్లాగా ఉండేవి. ఒక్క అక్షరం పొల్లుపోయేది కాదు. గజేంద్రమోక్షం అంతా వాడికి కంఠతా వచ్చును. ఆ ఏడు వార్షికోత్సవంలో పద్యపఠనానికి వాడు తన పేరు తానే కాగితంమీద రాసి తెచ్చి ఇచ్చాడు.

వాడితో చదివే పిల్లలు, "వాడు రాగం తీసి పాడితే ఆగడండీ మాస్టారూ! పొలంలో పాడుతుంటే విన్నాం," అని చెప్పారు కూడా. నేను నమ్మలేదు. పాడించి చూద్దామని తోచనైనా తోచలేదు. ఆ రోజు పెద్ద అధికారులు వస్తున్నారు. వాడు వేదికమీద ఆగిపోతే బడి పేరు పోతుందనుకున్నాను. అంతకంటె ముఖ్యంగా, అంతమంది నవ్వితే వాడి మనసు విరుగుతుందనుకున్నాను. ఈ రెండో మాట నిజంగానే అనుకున్నాను. వాణ్ణి పిలిచి భుజంమీద చెయ్యి వేసి, "నువ్వు కుర్చీలు వేసే పని చూడరా. అది చాలా బాధ్యత గల పని," అని చెప్పాను. వాడు తల ఊపాడు. వాడి మనసు ఎవరూ విరగగొట్టకుండా నేనే విరగగొట్టానని అప్పుడు నాకు తెలియలేదు.

నత్తిగల వాళ్ళలో చాలామంది పాట పాడేటప్పుడు తడబడరు. పదిమందితో కలిసి గొంతెత్తి చదివినా తడబడరు. నత్తికీ తెలివికీ సంబంధమే లేదు. వాళ్ళ మాట మనం అందించకుండా, తొందరపెట్టకుండా, మొహంలోకి చూస్తూ ఆగితే చాలును. ఇదంతా నేను చాలా ఏళ్ళ తరువాత చదివి తెలుసుకున్నాను. ఆ పిల్లలు మాత్రం చదవకుండానే చెప్పారు.

సినిమాలో చివరకు సంగతి బయటపడుతుంది. ఆ రాజు అసలు రాజే కాదు. వేరొక ఆటలోంచి దొంగతనంగా వచ్చి, ఈ ఆట నడిపే రాతను మార్చి, వెనెలోపి పేరును అందులోంచి పీకేసినవాడు. ఆమె చెదిరిపోవటం పుట్టుకతో వచ్చినది కాదు, ఎవరో చేసినది. ఆమె పందెపు గీటు దాటగానే ఆట మొత్తం సరి అవుతుంది, ఆమె రాకుమారి అవుతుంది.

ఇక్కడ నాకు కొంచెం అసంతృప్తి కలిగింది. "ఏమే, ఆ పిల్ల నిజంగానే పుట్టుకతో గ్లిచ్ అయి, రాకుమారి కాకపోయి ఉంటే, అప్పుడు పందెంలోకి రానివ్వకూడదా?" అని అడిగాను.

మనవరాలు నాకేసి జాలిగా చూసి, "అందుకేగా తాతయ్యా, ఆ గౌను విదిలించి పారేసింది! చూడు," అన్నది. నిజమే. ఆమె ఒక్కసారి చెదిరి, రాకుమారి గౌనులోంచి బయటపడి, తన పాత చొక్కాతోనే నిలబడుతుంది. చెదరటం కూడా మానదు. పందెంలో అడ్డం వచ్చిన వాటిలోంచి దూసుకుపోవటానికి అది పనికివస్తుందట.

రెండురోజుల తరువాత అది నాకు ఇంకొక సినిమా చూపించింది. "స్పైడర్‌మాన్: ఇన్‌టు ది స్పైడర్-వర్స్" అనేది. 2018లో వచ్చింది. మరుసటి ఏడు ఉత్తమ బొమ్మల సినిమాగా ఆస్కారు బహుమానం కూడా పొందింది. ఇందులోనూ చెదరటం ఉన్నది: వేరే లోకం నుంచి వచ్చిపడ్డవాళ్ళు ఈ లోకంలో ఇమడలేక ఉండి ఉండి రంగురంగుల ముక్కలవుతారు. నాకు బాగా నచ్చినది మాత్రం అది కాదు.

పైన సెకనుకు 24 ఫ్రేములని చెప్పాను గదా. చేత్తో బొమ్మలు వేసేవాళ్ళు శ్రమ తగ్గటానికి ఒక్కొక్క బొమ్మను రెండేసి ఫ్రేముల సేపు నిలిపేవారు. అప్పుడు సెకనుకు 12 బొమ్మలు వేస్తే చాలు. కంప్యూటరు వచ్చినాక ఆ అవసరం లేకపోయింది. అయినా ఈ సినిమా వాళ్ళు కావాలనే పాత పద్ధతిని తెచ్చుకున్నారు. మైల్స్ అనే కుర్రవాడికి కొత్తగా సాలీడు శక్తులు వచ్చాయి. ఇంకా ఏదీ చేతకాదు. పీటర్ అనే పెద్దవాడు ఎంతోకాలంగా ఆ పనిలో ఆరితేరినవాడు. ఇద్దరూ అడవిలో చెట్లు పట్టుకు ఊగుతూ పోయే చోట పీటరు సెకనుకు 24 బొమ్మలతో కదులుతాడు, మైల్సు 12 బొమ్మలతో కదులుతాడు. ఒకే తెర, ఒకే క్షణం. పెద్దవాడి కదలిక నీళ్ళలాగా జారుతుంది. చిన్నవాడిది తట్టుకుంటూ తట్టుకుంటూ పోతుంది. చూసేవాళ్ళు లెక్క పెట్టరు. కాని "పాపం, వీడికి ఇంకా రాలేదు" అని కంటికి తెలిసిపోతుంది. వాడికి తనమీద నమ్మకం కుదిరేకొద్దీ కదలిక కూడా నునుపు తేరుతుంది. నేర్చుకోవటానికి ఇంతకంటె మంచి రూపకం నేను ఏ కావ్యంలోనూ చూడలేదు. ఇది కాస్త ఎక్కువ చెప్పటమే, కాని అప్పటికి నాకు అట్లాగే అనిపించింది.

ఆ సినిమాలో మరొక తమాషా ఉన్నది. దూరాన ఉన్న వస్తువుల అంచుల్లో ఎరుపూ నీలమూ కాస్త పక్కకు జరిగి ఉంటాయి. మేము చిన్నప్పుడు చదివిన పత్రికల్లో బొమ్మలు అట్లాగే ఉండేవి. అచ్చు యంత్రంలో ఒక్కొక్క రంగూ విడిగా వేసేవారు. కాగితం పిసరు జరిగితే రాజకుమార్తె పెదవి ఎరుపు బుగ్గ మీదికి పోయేది. ఆ తప్పును వీళ్ళు పనిగట్టుకుని కంప్యూటరు చేత చేయించారు. నాకు ప్రాణం లేచివచ్చింది. మనవరాలికి అది ఉత్త అలంకారంగా కనిపించింది, అంతే. అది అటువంటి అచ్చు ఎన్నడూ చూడలేదు మరి. నెట్టు ఎన్నడూ ఆగని రోజులు వస్తే, అప్పటి పిల్లలకు వెనెలోపి ఎందుకు చదరాలు అవుతున్నదో ఎవరైనా విడమరిచి చెప్పవలసివస్తుందేమో.

సెలవులు అయి మనవరాలు వెళ్ళేముందు, "ఆ కుర్చీల అబ్బాయి ఏమయాడు తాతయ్యా?" అని అడిగింది. సినిమా చూసిన నాడు దానికి ఆ కథ చెప్పాను. నాకు తెలియదన్నాను. "మరి కనుక్కోలేదా?" అన్నది. దానికి నా దగ్గర జవాబు లేకపోయింది.

ఆ కుర్రవాడితో చదివినతను ఒకడు మా ఊళ్ళోనే ఎరువుల దుకాణం నడుపుతున్నాడు. అతని దగ్గర ఫోను నంబరు దొరికింది. మనవరాలే వీడియో కాలు కలిపి నా చేతికి ఇచ్చింది. తెరమీద నెరిసిన మీసాల మనిషి కనిపించాడు. వెనకాల రాగితీగ చుట్టలు వేలాడుతున్నాయి. మోటార్లకు తీగ చుట్టే దుకాణంట.

"మా... మా... మాస్టారూ! మీరేనా?" అన్నాడు. మొదటి అక్షరం దగ్గర మునుపటి లాగే ఆగాడు. నేను మాట అందించకుండా ఊరుకున్నాను.

కాసేపు ఆ మాటా ఈ మాటా అయినాక, వార్షికోత్సవం సంగతి ఎత్తాను. వాడు మరిచిపోయి ఉంటాడేమోనని నాకు లోపల ఆశగా ఉన్నది.

"కుర్చీలు వేశాను గదండీ. నూట ఇరవై కు... కుర్చీలు," అన్నాడు. నవ్వుతూనే అన్నాడు.

నాకు నోట మాట రాలేదు. చివరకు, "ఒరే, ఆ పద్యాలు ఇంకా ఉన్నాయా?" అని అడిగాను.

వాడు చేతులు గుడ్డతో తుడుచుకున్నాడు. పక్కనున్న కుర్రవాణ్ణి యంత్రం ఆపమని సైగ చేశాడు. కళ్ళు మూసుకుని గజేంద్రుడి మొరలో మొదటి పద్యం ఎత్తుకున్నాడు. గొంతు బొంగురుపోయింది గాని, రాగం చెడలేదు. ఒక్క చోట ఆగలేదు. రెండో పాదం అయింది, మూడో పాదం అందుకున్నాడు. అంతలో వాడి మొహం చదరాలు చదరాలుగా విడిపోయి, తెర బిగుసుకుపోయింది. గొంతు టక్కున ఆగిపోయింది.

నేనూ, మనవరాలూ తెరకేసి చూస్తూ అట్లాగే కూచున్నాం. అర నిమిషం తరువాత చదరాలు ఒకటొకటిగా కలుసుకుని మనిషి అయాయి. వాడు గట్టిగా నవ్వుతున్నాడు.

"మాస్టారూ, ఈసారి ఆగింది నేను కాదండీ, నెట్టు!" అన్నాడు.